హటరైట్లు: ఉమ్మడి ఆస్తి, వేరు పడే పద్ధతి

అందరికీ నమస్కారం. వెనక వరుసల దాకా వినిపిస్తోందా? సరే.

ఈ రోజు హటరైట్ల గురించి మాట్లాడతాను. చాలామందికి ఈ పేరే కొత్త కావచ్చు. కెనడా పశ్చిమ భాగంలో, అమెరికా ఉత్తర మైదానాల్లో, పొలాల మధ్య కాలనీలు కట్టుకుని బతికే క్రైస్తవులు వీళ్లు. మొత్తం మీద యాభై వేలకు అటూ ఇటూగా ఉంటారు. కాలనీలు సుమారు 500. ఏ ఒక్కరి పేరు మీదా సెంటు భూమి ఉండదు. ఎవరికీ జీతం లేదు. ఇల్లు, ట్రాక్టరు, గొడ్లు, పంట డబ్బు, అన్నీ కాలనీవే.

ఆస్తి అందరిదీ కావాలని కలలు కన్నవాళ్లు చరిత్రలో చాలామంది ఉన్నారు. రాబర్ట్ ఓవెన్ పేరు వినే ఉంటారు. 1825లో అమెరికాలోని ఇండియానాలో న్యూ హార్మనీ అనే ఊరు మొత్తం కొని, చదువుకున్నవాళ్లనూ పనివాళ్లనూ పిలిచి, సమష్టి జీవితం మొదలుపెట్టాడు. డబ్బుంది, ఆదర్శం ఉంది, ప్రపంచం కళ్లన్నీ వాళ్ల మీదే ఉన్నాయి. రెండేళ్లు తిరిగేసరికి అంతా చెదిరిపోయింది. హటరైట్లు అదే పని 1528లో మొదలుపెట్టారు. మధ్యలో వదిలేశారు, మళ్లీ పట్టుకున్నారు. మళ్లీ వదిలేశారు, మళ్లీ పట్టుకున్నారు. నేటికీ అలాగే బతుకుతున్నారు. ఎలా కుదిరింది? కొన్నేళ్లుగా వీళ్ల గురించి దొరికిందల్లా చదివాక నాకు తోచింది ముందే చెప్పేస్తాను. భక్తి ఉంది, అది లేకపోతే అసలు మొదలే లేదు. కానీ భక్తి ఒక్కటే అయితే వాళ్లూ ఎప్పుడో చెదిరిపోయేవాళ్లు. ఎప్పుడు వేరు పడాలి, ఎలా వేరు పడాలి అన్నదానికి వాళ్ల దగ్గర ఒక పద్ధతి ఉంది. దాన్ని దృష్టిలో పెట్టుకుని చరిత్ర వినండి.

1525 జనవరిలో జూరిచ్ నగరంలో కొందరు యువకులు ఒకరికొకరు బాప్తిస్మం ఇచ్చుకున్నారు. పసిబిడ్డకు ఇచ్చిన బాప్తిస్మం చెల్లదు, పెద్దయ్యాక తెలిసి నమ్మి, తానే అడిగి తీసుకోవాలి అని వాళ్ల వాదన. ఇప్పుడు వింటే దీనికింత గొడవెందుకు అనిపిస్తుంది. ఆ కాలంలో పుట్టిన ప్రతి బిడ్డా పుట్టగానే చర్చి మనిషి, రాజ్యం మనిషి అయిపోయేది. ఆ ముడి విప్పుతామన్నవాణ్ణి కాథలిక్, ప్రొటెస్టెంట్ రెండు వర్గాల చర్చిలూ, ప్రభువులూ కలిసి వేటాడారు. వాళ్లలో ఫెలిక్స్ మాంజ్ అనే యువకుణ్ణి 1527 జనవరిలో చేతులు కట్టేసి లిమ్మాట్ నదిలో ముంచి చంపారు. ఈ ఉద్యమం నుంచి వచ్చినవాళ్లే మెనోనైట్లు, ఆమిష్‌లు, హటరైట్లు.

మెనోనైట్ అనే మాట నల్గొండ, మహబూబ్‌నగర్ వాళ్లకు కొత్త కాదు. ఎం.బి. చర్చి అంటే మెనోనైట్ బ్రదరెన్ చర్చే. 1889లో అబ్రహాం ఫ్రీసెన్ దంపతులు దక్షిణ రష్యా నుంచి, అంటే నేటి యుక్రెయిన్ నుంచి, తెలుగు నేలకు వచ్చి నల్గొండలో మిషన్ పెట్టారు. ఆ దేశంలో మెనోనైట్లు ఎక్కువగా స్థిరపడ్డ చోటు మొలోచ్నా నది ప్రాంతం. 1842 నుంచి 1870ల దాకా హటరైట్లు అక్కడే, వాళ్ల పక్క ఊళ్లలోనే ఉన్నారు. యుద్ధం చేయకూడదు, ఒట్టు పెట్టకూడదు, పెద్దయ్యాకే బాప్తిస్మం, ఇవన్నీ ఇద్దరికీ ఒకటే. కాకపోతే మెనోనైట్ రైతుకు సొంత పొలం ఉంటుంది, హటరైట్‌కు ఉండదు.

ఆ తేడా ఎక్కడ మొదలైందో తెలుసు. మొరావియా అంటే నేటి చెక్ దేశంలో ఒక భాగం. అక్కడ నికోల్స్‌బర్గ్ ప్రభువు లీక్టెన్‌స్టైన్ ఈ బాప్తిస్మంవాళ్లకు ఆశ్రయం ఇచ్చాడు. కానీ అక్కడివాళ్లలోనే చీలిక వచ్చింది. టర్కుల మీద యుద్ధానికి పన్ను కట్టొచ్చా, అవసరమైతే కత్తి పట్టొచ్చా అన్నది తగాదా. కత్తి ససేమిరా పట్టమన్నవాళ్లు, పిల్లలు కాక పెద్దవాళ్లే దాదాపు 200 మంది, 1528లో ఊరు విడిచి బయల్దేరారు. ప్రభువు గుర్రం మీద వెంట వచ్చి ఉండిపొమ్మని అడిగాడు. వాళ్లు వినలేదు. ఆయన కోప్పడకుండా తాగడానికిచ్చి, దారి సుంకం కూడా మాఫీ చేసి పంపాడని వాళ్లు చేత్తో రాసుకున్న చరిత్రలో ఉంది. వాళ్ల దగ్గర రోగులున్నారు, పసిపిల్లలున్నారు, చేతిలో పైసా లేనివాళ్లున్నారు. దారిలో ఒక పాడుబడ్డ ఊరి దగ్గర ఆగి, నేల మీద ఒక అంగీ పరిచారు. ఒక్కొక్కరూ వచ్చి తమ దగ్గరున్నది దాని మీద పెట్టారు. ఎవరూ ఎవరినీ బలవంతపెట్టలేదు. విశ్వసించినవాళ్లు తమకు కలిగినదంతా 'సమష్టిగా ఉంచుకొనిరి' అని అపొస్తలుల కార్యాల్లో ఉంది కదా, ఆ మాటే వాళ్లకు ఆధారం. అయినా నాకు ఇక్కడ ముఖ్యంగా కనిపించేది, ఉమ్మడి ఆస్తి సిద్ధాంతంగా కన్నా ముందు దారి ఖర్చుగా, ఆకలికి మందుగా పుట్టిందన్న సంగతి.

హటరైట్లు అనే పేరు యాకోబ్ హటర్ నుంచి వచ్చింది. ఈయన స్థాపకుడు కాదు. టైరోల్ కొండల్లో టోపీలు చేసే మనిషి. 1533లో మొరావియాకు వచ్చేసరికి ఈ జనం నాయకుల తగాదాలతో ముక్కలై ఉన్నారు. డబ్బు దాచుకున్నవాళ్లను, అది నాయకుడి ఇంట్లోవాళ్లయినా సరే, బయటపెట్టి, పద్ధతి గట్టిగా కట్టాడు. మూడేళ్లు కూడా ఉండనివ్వలేదు. 1536 ఫిబ్రవరిలో ఇన్స్‌బ్రుక్ నగరంలో సజీవంగా కాల్చేశారు. రెండేళ్లకు ఆయన భార్య కాథరీనానూ చంపారు.

ఆ తర్వాత, 1565 ప్రాంతం నుంచి దాదాపు పాతికేళ్లు మొరావియాలో వీళ్లకు మంచి రోజులు. పెద్ద పెద్ద ఇళ్లలో వందల మంది కలిసి ఉండేవారు. కత్తులు, గడియారాలు, బగ్గీలు, వైన్ తోటలు, ఏ పని చేసినా పేరు. వాళ్లు చేసిన హబాన్ పింగాణీ పాత్రలు ఈనాటికీ యూరప్ మ్యూజియంలలో ఉన్నాయి. 1581లో రుడాల్ఫ్ చక్రవర్తికి జబ్బు చేస్తే, వైద్యానికి ప్రాగ్ నగరానికి పిలిపించింది గెయోర్గ్ జోబెల్ అనే హటరైట్ వైద్యుణ్ణే.

నన్ను వీటన్నిటికన్నా కదిలించింది బడి. ఆ కాలంలో యూరప్ రైతు పిల్లలు చాలామందికి అక్షరం ముక్క రాదు. వీళ్లలో ఆడపిల్లలతో సహా అందరూ చదివేవాళ్లు. అప్పటి నాయకుడు పీటర్ వాల్పాట్ టీచర్లకు నియమాలు పెట్టాడు. అందులో ఒకటి వినండి. పిల్లల నోట్లో పుండ్లున్నాయేమోనని వేలు పెట్టి చూసేటప్పుడు, జబ్బున్న బిడ్డ నోట్లో పెట్టిన వేలు కడుక్కోకుండా ఇంకో బిడ్డ నోట్లో పెట్టకూడదు. నీళ్లతో, శుభ్రమైన గుడ్డతో తుడుచుకున్నాకే పెట్టాలి. క్రిమి సిద్ధాంతం రావడానికి ఇంకా మూడు వందల ఏళ్లుంది. వాళ్లకు సూక్ష్మజీవుల సంగతి తెలియదు. పిల్లలందరూ ఒకే చోట పెరుగుతున్నారు కాబట్టి, ఒకరి జబ్బు అందరికీ పాకడం కళ్లారా చూశారు. అంతే.

తర్వాతి కథ త్వరగా చెబుతాను. టర్కీ యుద్ధాలు, ఆపైన ముప్పై ఏళ్ల యుద్ధం. 1622లో మొరావియా నుంచి వెళ్లగొట్టారు. మిగిలినవాళ్లు హంగరీ రాజ్యంలోకి, నేటి రుమేనియాలో ఉన్న ట్రాన్సిల్వేనియాలోకి పోయారు. 17వ శతాబ్దం ముగిసేసరికి ఉమ్మడి ఆస్తి పోయింది. ఎవరి కాపురం వాళ్లది. జెసూట్ పాదర్లు, మరియా థెరీసా రాణి అధికారులు వెంటపడి చాలామందిని కాథలిక్కుల్లో కలిపేశారు. ట్రాన్సిల్వేనియాలో గుప్పెడుమంది మిగిలారు.

ఇక కథ ముగిసింది అనుకునే చోట ఒక ఆశ్చర్యం జరిగింది. 1755 ప్రాంతంలో ఆస్ట్రియాలోని కారింథియా నుంచి కొన్ని లూథరన్ కుటుంబాలను మతం కారణంగానే ట్రాన్సిల్వేనియాకు తరిమారు. వాళ్లు ఈ గుప్పెడుమందిని కలిశారు. వాళ్ల పాత రాతప్రతులు చదివారు. మీరు వదిలేసింది మేం పట్టుకుంటాం అన్నారు. ఉమ్మడి ఆస్తి మళ్లీ మొదలైంది. 1767లో వేధింపులు భరించలేక 67 మంది కార్పేథియన్ కొండలు దాటి పారిపోయారు. ఈనాడు కెనడాలో ఏ కాలనీకి వెళ్లినా వినిపించే హోఫర్, వాల్డ్‌నర్, క్లైన్‌సాసర్ అనే ఇంటిపేర్లు ఆ కారింథియా వాళ్లవే. యాభై వేల మందికీ కలిపి వాడుకలో ఉన్న ఇంటిపేర్లు పదిహేను దాటవు.

1770లో రష్యా సామ్రాజ్యంలోని విషెంకాలో చోటు దొరికింది. తర్వాత దగ్గర్లోనే ఉన్న రాడిచెవ్‌కు మారారు. 1819లో అక్కడ మళ్లీ ఉమ్మడి ఆస్తి వదిలేశారు. ఈసారి ఏ రాజూ తరమలేదు. శాంతిగానే ఉన్నారు. లోపలే కుళ్లింది. కొందరు కష్టపడుతున్నారు, కొందరు తప్పించుకుంటున్నారు, పెద్దలు పట్టించుకోవడంలేదు అని మనస్తాపాలు. బడి పాడైంది. ఒక తరం చదువు లేకుండా పెరిగింది. 1859లో మొలోచ్నా ప్రాంతంలో మైఖేల్ వాల్డ్‌నర్ అనే కమ్మరి మళ్లీ ఉమ్మడి జీవితం మొదలుపెట్టాడు. మరుసటి ఏడు డేరియస్ వాల్టర్ ఇంకొక గుంపును కలిపాడు. తర్వాత యాకోబ్ విప్ఫ్ అనే టీచరు మూడోది. ఈనాటికీ హటరైట్లలో కమ్మరి వర్గం, డేరియస్ వర్గం, టీచరు వర్గం అని మూడు శాఖలున్నాయి.

రష్యాలో నిర్బంధ సైనిక సేవ తప్పదని తేలాక, 1874 నుంచి అమెరికాలోని డకోటాకు తరలిపోయారు. మొత్తం వెళ్లింది 1,200 మందికి పైనే. వాళ్లలో కాలనీలు కట్టుకున్నది మూడో వంతు మాత్రమే. మిగతావాళ్లు సొంత పొలాలు తీసుకుని, కాలక్రమంలో మెనోనైట్లలో కలిసిపోయారు. 1880లో కాలనీల్లో ఉన్నవాళ్లు 443 మంది.

ఇప్పుడు 1918 సంగతి. ఇది క్లుప్తంగా చెప్పి వదిలేసేది కాదు. అమెరికా మొదటి ప్రపంచ యుద్ధంలో దిగింది. జోసెఫ్, మైఖేల్, డేవిడ్ హోఫర్ అనే ముగ్గురు అన్నదమ్ములు, వాళ్ల చుట్టం జేకబ్ విప్ఫ్, దక్షిణ డకోటాలోని రాక్‌పోర్ట్ కాలనీ వాళ్లు. పెళ్లయి పిల్లలున్న రైతులు. సైన్యంలోకి పిలిచారు. వెళ్లారు, కానీ యూనిఫాం వేసుకోం అన్నారు, సంతకం పెట్టం అన్నారు. సైనిక కోర్టు ఇరవై ఏళ్ల శిక్ష వేసి, ఆల్కట్రాజ్ దీవి జైలుకు పంపింది. నేలమాళిగలో, చెమ్మ కారే గదుల్లో ఒక్కొక్కరినీ విడివిడిగా పడేసి, పక్కనే యూనిఫాం పెట్టారు. చలికి తట్టుకోలేక వేసుకుంటారని. లోదుస్తులతోనే ఉండిపోయారు, యూనిఫాం తాకలేదు. చేతులకు సంకెళ్లు వేసి, కాళ్లు నేలకు ఆనీ ఆనకుండా కడ్డీలకు కట్టారు. నవంబరు 11న యుద్ధం ముగిసింది. ముగిశాక కూడా వాళ్లను వదల్లేదు, కాన్సాస్‌లోని లెవెన్‌వర్త్ జైలుకు మార్చారు. నవంబరు 29న జోసెఫ్ చనిపోయాడు. డిసెంబరు 2న మైఖేల్. కాగితాల్లో న్యుమోనియా అని రాశారు. జోసెఫ్ భార్య మరియా వచ్చి శవపేటిక తెరిపిస్తే, బతికుండగా ప్రాణం పోయినా వేసుకోనన్న ఆ యూనిఫామే శవానికి తొడిగి ఉంది.

అదే ఏడాది డకోటాలో యుద్ధ బాండ్లు కొనలేదన్న కోపంతో జనం ఒక కాలనీ గొడ్లనూ గొర్రెలనూ తోలుకుపోయి అమ్మేసుకున్నారు. బాన్ హోమ్ ఒక్కటి తప్ప కాలనీలన్నీ ఖాళీ చేసి కెనడాకు వెళ్లిపోయాయి. కెనడాలోనూ అంతా సాఫీగా జరగలేదు. 1947లో ఆల్బెర్టా ప్రభుత్వం కొత్త కాలనీకి 6,400 ఎకరాలు మించకూడదని, పాత కాలనీకి కనీసం 40 మైళ్ల దూరంలో ఉండాలని చట్టం చేసింది. హటరైట్లు భూమంతా కొనేస్తున్నారని పక్క రైతుల భయం. ఆ చట్టం 1973 దాకా ఉంది.

భూమి ఎందుకు కొంటూనే ఉంటారన్నది తెలియాలంటే కాలనీ లోపలికి వెళ్లాలి. ఒక కాలనీలో పది పదిహేను కుటుంబాలుంటాయి. పొడవాటి ఇళ్లు వరసగా, మధ్యలో పెద్ద వంటశాల, భోజనాల హాలు. మగవాళ్లు ఒక వైపు, ఆడవాళ్లు ఒక వైపు, వయసు వరస ప్రకారం కూర్చుంటారు. పిల్లలకు వేరే బంతి. ఆడవాళ్లు వారం వంతున వంట చేస్తారు. బోధకుడు ఆత్మ సంగతులు చూస్తాడు, లెక్కలు చూసే మేనేజరు ఒకడు, పొలం పనులు పంచే పెద్ద ఒకడు. బోధకుణ్ణి ఎన్నుకునేటప్పుడు ముందు ఓట్లు వేస్తారు, తగినన్ని ఓట్లు వచ్చినవాళ్ల పేర్లు చీటీలు వేసి ఒకటి తీస్తారు. ఆదివారం బోధకుడు సొంత ప్రసంగం చేయడు. 17వ శతాబ్దంలో రాసిపెట్టిన ప్రసంగాన్నే జర్మన్‌లో చదువుతాడు. ఇంట్లో మాట్లాడుకునేది మాత్రం కారింథియా నుంచి తెచ్చుకున్న యాస. పదిహేనేళ్లు నిండగానే పిల్ల పెద్దల బంతిలోకి వస్తుంది. అప్పుడు చాలా కాలనీల్లో తాళం వేసుకునే ఒక చెక్క పెట్టె ఇస్తారు. సొంతమని చెప్పుకోదగ్గది అదే.

వీళ్లను ఆమిష్‌లతో కలిపి పొరబడొద్దు. ఆమిష్‌లు గుర్రబ్బండి తోలుతారు. హటరైట్లకు జీపీఎస్ ట్రాక్టర్లు, కంప్యూటర్ నడిపే కోళ్ల షెడ్లు, పందుల షెడ్లు ఉన్నాయి. టీవీ వద్దంటారు, యంత్రం కావాలంటారు. దీనికి ఒక అనుకోని ఫలితమూ ఉంది. 2016లో వచ్చిన ఒక వైద్య పరిశోధనలో ఆమిష్ పిల్లల కన్నా హటరైట్ పిల్లలకు ఆస్తమా నాలుగు నుంచి ఆరు రెట్లు ఎక్కువని తేలింది. ఆమిష్ పిల్లలు పశువుల పాకలో ఆడుకుంటూ పెరుగుతారు. హటరైట్ పశువుల షెడ్లు ఇళ్లకు దూరంగా, ఫ్యాక్టరీల పద్ధతిలో ఉంటాయి.

ఇక వేరు పడడం. 1950 ప్రాంతంలో హటరైట్ తల్లికి సగటున పది మందికి పైగా పిల్లలు. అప్పట్లో జనం పదహారు పదిహేడేళ్లకు రెట్టింపయ్యేవారు. కాలనీలో తలలు 120, 150 అయ్యేసరికి చిక్కులు మొదలవుతాయి. అందరికీ బాధ్యత గల పని దొరకదు. అన్నదమ్ములు ఎక్కువున్న ఒక ఇంటి మాటే చెల్లుతుంది. మన ఉమ్మడి కుటుంబాల్లో ఏం జరుగుతుందో తెలిసిందే కదా. తగువు ముదిరి, వదినా మరదళ్లు మాటలు మానేశాక అప్పుడు పంపకాలకు కూర్చుంటాం. హటరైట్లు తగువు రాకముందే పంపకాలకు సిద్ధమవుతారు. ఏళ్ల ముందు నుంచే డబ్బు కూడబెట్టి ఇంకోచోట భూమి కొంటారు. ఇళ్లు, షెడ్లు కట్టడం మొదలుపెడతారు. రెండో బోధకుణ్ణి ఎన్నుకుంటారు. ఆ తర్వాత కుటుంబాలను రెండు జాబితాలు చేస్తారు. వయసులు, ఆడా మగా, పనుల నైపుణ్యం రెండు వైపులా సరితూగాలి. కమ్మరి ఇటుంటే వడ్రంగి అటు.

పాత పద్ధతిలో ఏ జాబితా వెళ్లాలో, ఏది ఉండాలో చివరిదాకా ఎవరికీ తెలియదు. అన్ని కుటుంబాలూ సామాను కట్టుకుంటాయి. ఉండిపోయేవాళ్లు కూడా. తర్వాత చీటీ తీస్తారు. పేరు వచ్చిన సగం మంది బండెక్కుతారు. మిగతా సగం మూటలు విప్పుకుంటారు. ఇందులో ఉన్న తెలివి చూడండి. ఎవరికి ఏది దక్కుతుందో తెలియదు కాబట్టి, పంచేటప్పుడు ఎవరూ ఒక వైపు మొగ్గు చూపరు. కొత్త కాలనీలో మంచి ఆవుల షెడ్డు కట్టకుండా పిసినారితనం చేస్తే, రేపు అక్కడికి వెళ్లేది తానే కావచ్చు. నీకు అన్యాయం చేశాను అని ఎవరూ ఎవరినీ అనలేరు, తీసింది చీటీ. 1819లో రాడిచెవ్ తరంవాళ్లకు లేనిదీ, అమెరికా వచ్చాక గట్టిపడినదీ ఇదేనని నా అభిప్రాయం. అక్కడ అందరూ ఒకే చోట ఇరుక్కుని ఉండిపోయారు. ఇక్కడ మైదానం విశాలం, భూమి దొరికింది, వేరు పడగలిగారు.

అయితే ఈ పద్ధతిలో సముదాయానికి వేరు పడే హక్కుంది. ఒక్క మనిషికి లేదు. కాలనీ వదిలి వెళ్లేవాడికి వాటా రాదు. ముప్పై ఏళ్లు పొలం దున్నినా కట్టుబట్టలతో వెళ్లాల్సిందే. మానిటోబాలోని ఇంటర్‌లేక్ కాలనీలో కొందరు వేరే చర్చి బోధలో చేరితే వెలివేశారు. వాళ్లు ఆస్తిలో వాటా అడిగారు. 1970లో కెనడా సుప్రీంకోర్టు ఇవ్వక్కర్లేదని తీర్పు చెప్పింది. మతం మారే స్వేచ్ఛ మనిషికి ఉండి తీరాలి, ఆకలికి భయపడి చర్చిలో ఉండాల్సి వస్తే అది స్వేచ్ఛ కాదు అన్న వాదన వైపు నిలబడ్డది ఒకే ఒక్క న్యాయమూర్తి. నా మనసు ఆ ఒక్కరి వైపే. పసిబిడ్డకు బాప్తిస్మం ఇవ్వకూడదు, నమ్మకం స్వేచ్ఛగా రావాలి అని ప్రాణాలిచ్చినవాళ్ల వారసులు, వదిలి వెళ్లేవాడి చేతిలో కొంత పెట్టి పంపితే వాళ్ల నమ్మకానికి లోటేమీ రాదు. ఇంకొకటి. చాలా కాలనీల్లో ఆడవాళ్లకు ఓటు లేదు. పెళ్లయితే పుట్టిన కాలనీ వదిలి మొగుడి కాలనీకి వెళ్లేది ఆడపిల్లే. వంటశాల నడిపేది వాళ్లు, తోట వాళ్లది, ముప్పై నలభై మంది పిల్లల తిండీ తిప్పలూ వాళ్లవి. కానీ కొత్త భూమి కొనాలా వద్దా అన్నప్పుడు చెయ్యెత్తేది మగవాళ్లు. దీన్ని సంప్రదాయం అని సర్దుకుపోవడం నాకు కుదరదు.

ఇప్పుడు వాళ్ల ముందున్న చిక్కు వేరు. పిల్లలు తగ్గారు. పెళ్లిళ్లు ఆలస్యమయ్యాయి. పది మంది పిల్లల కాలం పోయింది. భూమి ధర ఆకాశాన్నంటింది. పదిహేనేళ్లకోసారి వేరు పడే కాలనీ ఇప్పుడు ఇరవై ఐదు, ముప్పై ఏళ్లు ఆగాల్సి వస్తోంది. పెద్ద యంత్రాలు వచ్చి పొలంలో పని తగ్గింది కాబట్టి కొన్ని కాలనీలు తలుపులు, కిటికీలు, ఇనుప సామాన్లు తయారుచేసే వర్క్‌షాపులు పెట్టుకున్నాయి. కుర్రాళ్లకు పని కావాలి, బాధ్యత కావాలి. అది దొరకనివాడు బయట ఆయిల్ కంపెనీలోనో, భవన నిర్మాణంలోనో చేరిపోతాడు. కొందరు పెళ్లి వయసుకు తిరిగొస్తారు, కొందరు రారు. సెల్‌ఫోన్ మీద ఒక్కో కాలనీది ఒక్కో రూలు. ఇరవై మంది వెళ్లిపోతే మనకు లెక్క కాదు. నూరు మంది ఉన్న ఊళ్లో అది పెద్ద గండి. వేరు పడడానికి తగినంత మంది లేనప్పుడు, ఒకే చోట ఎక్కువ కాలం కలిసి బతకడానికి వాళ్లు కొత్త ఏర్పాట్లు వెతుక్కుంటున్నారు. కొన్ని కాలనీలు పిల్లల్ని కాలేజీకి పంపి, తమ బడికి తమ టీచర్లనే తయారుచేసుకుంటున్నాయి.

నేను చెప్పదలుచుకున్నది ఇంతే. ఇంకా పావుగంట టైముంది. ప్రశ్నలుంటే అడగండి, ముందు ఆ వైపు కూర్చున్న అమ్మ చెయ్యెత్తారు.